‘ఖర్చే లేని’ కారు, బోరు నీళ్ల కూలెంటు

సంపాదకులు గారికి,

కరెంటు కారుకు మెయింటెనెన్సే ఉండదంటూ పోయిన ఆదివారం మీరు వేసిన కథనం చదివి రాయొద్దనుకుంటూనే ఇన్నాళ్లు ఆగాను. ఇంజిన్ ఆయిల్ ఉండదన్నారు, నిజమే. బ్యాటరీని చల్లార్చే ద్రవం, అదే కూలెంటు, దాని మాటే ఎత్తలేదు.

మాది గోదావరిఖని. మే నెలలో 45 డిగ్రీలు ఇక్కడ వార్త కాదు. లిథియం బ్యాటరీకి హాయిగా ఉండేది సుమారు 15 నుంచి 35 డిగ్రీల మధ్య. బయటి గాలే 45 ఉంటే ఆ గాలి కొట్టి బ్యాటరీని 35కి దించడం ఎవరి తరం? అందుకే చాలా కార్లలో సన్నని దారులున్న అల్యూమినియం పలకను సెల్స్‌కు ఆనించి, గ్లైకాల్ అనే రసాయనం కలిపిన కూలెంటును పంపుతో తిప్పుతారు. ఎండాకాలం ఆ ద్రవం తెచ్చిన వేడిని ఏసీ గ్యాసు లాగేస్తుంది. చార్జింగ్ పెట్టాక నా కారులోంచి వచ్చే గుయ్‌మనే చప్పుడు అదే. కారు ఆఫ్ చేయడం మరిచారంటూ మా వాచ్‌మన్ రెండు రాత్రులు తలుపు కొట్టాడు. పాపం, అతనికెలా తెలుస్తుంది?

సర్వీసు సెంటర్‌కు తెలియాలి కదా! పేరెందుకు గానీ, కిందటి నెల అక్కడి కుర్రాడు కూలెంటు మట్టం కింది గీత కంటే దిగిందని చూసి, డ్రమ్ములోంచి మగ్గుతో నీళ్లు ముంచుకొచ్చాడు. బోరు నీళ్లు! చెయ్యి పట్టుకుని ఆపితే “ఏం కాదు సార్, నీళ్లే కదా” అన్నాడు. మా బోరు నీళ్లకు టీ గిన్నె అడుగున తెల్లగా పెచ్చు కడుతుంది. అదే పెచ్చు ఆ సన్నని దారుల్లో కడితే ఎవరు గీకుతారు? పైగా ఆ నీళ్లు కరెంటును మోస్తాయి, అక్కడున్నది వందల వోల్టులు. మూసి ఉన్న గొట్టాల్లో మట్టం అసలెందుకు తగ్గిందని అడిగిన నాథుడు లేడు.

స్కూటర్ల సంగతి ఇంకా అన్యాయం. చాలావాటికి పంపూ లేదు, ద్రవమూ లేదు, బ్యాటరీ పెట్టె ఒంటికి తగిలే గాలే దిక్కు. 2022 ఏప్రిల్‌లో నిజామాబాద్‌లో ఇంట్లో చార్జింగ్ పెట్టిన స్కూటర్ బ్యాటరీ పేలి ఒక పెద్దాయన పోయారు. సెప్టెంబరులో సికింద్రాబాద్‌లో ఈ-స్కూటర్ల షోరూమ్‌లో రేగిన మంట, పొగ పైనున్న లాడ్జిలో 8 మందిని పొట్టన పెట్టుకున్నాయి. అన్నిటికీ చల్లార్చే ఏర్పాటు లేకపోవడమే కారణమని నేననను. కానీ అంత జరిగాకే కదా ఆ డిసెంబరు నుంచి బ్యాటరీల భద్రతకు సంబంధించిన ఏఐఎస్ 156 నిబంధనలు బిగించింది!

వేడికి బ్యాటరీ ముందే ముసలిదవుతుందన్నది కొత్త సంగతేమీ కాదు. ద్రవంతో చల్లార్చే ఏర్పాటు లేని నిస్సాన్ లీఫ్ కార్ల సామర్థ్యం తరిగిపోయిందని 2012లోనే అమెరికాలోని ఆరిజోనా ఎండల్లో జనం గగ్గోలు పెట్టారు. మన తెలంగాణలో కరెంటు బండ్లకు 2026 డిసెంబరు దాకా రోడ్డు పన్ను మాఫీ ఇచ్చారు, సంతోషం. ఆ కాగితంలోనే ‘ఈ బండి బ్యాటరీ దేంతో చల్లబడుతుందో షోరూమ్‌లో రాసి పెట్టాలి’ అని ఒక్క వాక్యం చేరిస్తే సిరా అయిపోతుందా? మా ఊరి దారిలో చార్జింగ్ పాయింటుకు కొబ్బరికాయ కొట్టడానికి షామియానా వేశారు. సార్లు వెళ్లిపోగానే దాన్నీ విప్పేశారు. ఇప్పుడు కార్లు నడినెత్తిన ఎండలో ఫాస్ట్ చార్జింగ్ అవుతున్నాయి. కాసేపటికే బ్యాటరీ కాగి, చార్జింగ్ వేగం దానంతటదే పడిపోతుంది. రేకుల షెడ్డుకు నిధుల్లేవట.

సర్వీసు సెంటర్ వాళ్లు అసలైన కూలెంటు తెప్పిస్తామన్నారు. మూడు వారాలైంది. కారు మా వేపచెట్టు కింద ఉంది.

— ఒక విశ్రాంత ఉద్యోగి,
గోదావరిఖని