కాసాట్ గారిని పెన్ స్టేషన్‌కి తిరిగి తీసుకురండి

అమెరికా రవాణా శాఖ మంత్రి గారికి,

ఈ ఉత్తరం ఇంగ్లీషులో మీ ఆఫీసుకి విడిగా పంపాను. మావాళ్లు కూడా చదవాలని తెలుగులో ఇక్కడ పెడుతున్నాను, ఎందుకంటే న్యూజెర్సీలోని ఎడిసన్ చుట్టుపక్కల నుంచి రోజూ మన్‌హట్టన్‌కి రైల్లో వెళ్లొచ్చే మాలో చాలామందికి అలెగ్జాండర్ కాసాట్ అంటే ఎవరో తెలీదు. సెకాకస్ దాటిన కాసేపటికి కిటికీ అద్దం నల్లబడి అందులో మన మొహం మనకే కనిపిస్తుంది చూడండి, ఆ సొరంగం తవ్వించింది ఆయనే.

1861లో పెన్సిల్వేనియా రైల్‌రోడ్‌లో సర్వే వాళ్ల వెంట కొలకర్ర పట్టుకునే పనిలో చేరారు. పైదాకా ఎదిగి, 1882లో నలభై రెండేళ్లకే అన్నీ వదిలేసి గుర్రాలు పెంచుకుంటూ ఉండిపోయారు. 1899లో కంపెనీ మళ్లీ పిలిచి ప్రెసిడెంటుని చేసింది. వస్తూనే ఉక్కు, చమురు కుబేరులైన కార్నెగీ, రాక్‌ఫెల్లర్ కంపెనీల్లాంటి వాటికి చాటుగా ఇస్తున్న రవాణా రాయితీలకు అడ్డం పడ్డారంటే ఎంత గుండె కావాలి!

అప్పట్లో ఆ కంపెనీ రైళ్లు జెర్సీ సిటీలోనే ఆగిపోయేవి. మంచైనా వానైనా పెట్టెలు పట్టుకుని ఫెర్రీ ఎక్కి హడ్సన్ నది దాటాల్సిందే. 1901లో చెల్లెలు, చిత్రకారిణి మేరీ కాసాట్‌ని చూడ్డానికి పారిస్ వెళ్లినప్పుడు అక్కడ ఊరి నడిమధ్యకి భూమి కిందుగా కరెంటు రైళ్లు వచ్చే ఓర్సే స్టేషన్ చూశారు, పొగ గొడవే లేకపోతే నది కింద నుంచి కూడా రైలు నడపొచ్చు కదా అని ఇక ఆ పని మీదే కూర్చున్నారు. న్యూయార్క్ ఆల్డర్‌మెన్‌లో (నగర పాలక సభ్యుల్లో) కొందరు లంచం ఆశించి అనుమతి తొక్కిపెడితే ఒక్క డాలరు కూడా ఇవ్వనన్నారు, 1902 చివర్లో అనుమతి ఇవ్వక తప్పలేదు వాళ్లకి. మెత్తటి బురదలోకి షీల్డు (తవ్వేవాళ్ల మీద మట్టి కూలకుండా కాపాడే ఇనప కవచం) నెట్టుకుంటూ, ఒత్తిడి గాలిలో ఊపిరి పీలుస్తూ, ఇనప రింగులు ఒక్కొక్కటీ బిగిస్తూ కూలీలు రెండు ఒడ్ల నుంచీ వచ్చి 1906 సెప్టెంబరులో నది కింద కలిశారు. ఆ డిసెంబరులోనే కాసాట్ పోయారు. ఆ రైళ్ల కోసం మన్‌హట్టన్‌లో కట్టించిన పెన్ స్టేషన్ 1910లో పూర్తిగా తెరుచుకోవడం ఆయన చూడలేదు.

ఆ స్టేషన్లో ఆయన కంచు విగ్రహం ఉండేది. 1963లో స్టేషన్నే కూలగొట్టడం మొదలుపెట్టారు, విగ్రహం ఇప్పుడు పెన్సిల్వేనియాలోని స్ట్రాస్‌బర్గ్ రైల్వే మ్యూజియంలో ఉంది. ఆయన సొరంగంలోంచి వెళ్లే రైలు ఒక్కటీ ఆ మ్యూజియం దగ్గర ఆగదు, నాకు బాధ అక్కడే.

పెన్ స్టేషన్‌ని మళ్లీ కట్టే పని ఇప్పుడు మీ శాఖ చేతిలో ఉంది. దయచేసి ఆ విగ్రహాన్ని అడిగి తెప్పించండి, ఇవ్వరంటే అలాంటిదే ఇంకోటి పోయించండి. ఏదో ఆఫీసు లాబీలో కాదు, న్యూజెర్సీ రైళ్లు దిగి మెట్లెక్కి వచ్చే చోట పెట్టించండి. 2012 శాండీ తుఫానుకి ఉప్పునీరు చొరబడిన ఆ పాత గొట్టాల్లోంచే మేమింకా వెళ్తున్నాం కాబట్టి, పక్కనే కొత్త సొరంగం పనికి డబ్బు మధ్యలో ఆపొద్దని కూడా అడుగుతున్నాను.

ఇట్లు,
ఎడిసన్ నుంచి ఒక ప్రయాణికుడు