వెలిగే పువ్వు వార్తకు సవరణ వేయండి

సంపాదకులకు నమస్కారం.

మీ పత్రిక జిల్లా పేజీలో గత వారం పెద్ద రంగుల ఫొటోతో వచ్చిన ‘చీకట్లో వెలిగే అద్భుత పుష్పం’ వార్తకు మరునాడైనా సవరణ వేస్తారని ఎదురుచూశాను. వేయలేదు సరికదా, ఆదివారం నాడు అదే ఫొటోను మరోసారి ప్రచురించారు. అందుకే ఈ లేఖ రాయవలసి వచ్చింది.

శేషాచలం అడవిలో ఆ పువ్వు వందేళ్లకోసారి పూస్తుందని, పూసిన రాత్రి లోయంతా వెన్నెల కాసినట్లుంటుందని, మిణుగురు పురుగులకు వెలుగు దాని మకరందం వల్లే వచ్చిందని, ఆ మొక్క మొదలు దగ్గర నాగుపాము కాపలా ఉంటుందని, దుంప అరగదీసి తాగితే పక్షవాతం నయమవుతుందని రాశారు. ఆ మొక్కకు శాస్త్రీయ నామం లేదు, చూసినవారి పేరు లేదు, ఏ కొండ మీద ఉందో లేదు. ఉన్నదల్లా ‘స్థానికులు చెబుతున్నారు’ అన్న ఒక్క మాట. వందేళ్లకోసారి పూసేదాన్ని ఏ స్థానికుడు ఎన్నిసార్లు చూసి నిర్ధారించాడని మీ విలేకరి అడగవద్దా?

సహజంగా తనంతట తాను వెలుగునిచ్చే పూలమొక్క ప్రపంచంలో ఇంతవరకు ఒక్కటి కూడా నమోదు కాలేదు. మిణుగురులకు ఆ వెలుగు వాటి శరీరంలోనే లూసిఫెరిన్ అనే పదార్థం ఆక్సిజన్‌తో కలిసి జరిపే చర్య వల్ల వస్తుంది గాని, ఏ పువ్వూ ఇచ్చింది కాదు. కొన్ని పుట్టగొడుగులకు కూడా వెలిగే గుణం ఉంది, పడమటి కనుమల్లో వానాకాలం రాత్రులు అలాంటివి కనిపిస్తాయి. ఆ పుట్టగొడుగుల జన్యువులను చొప్పించి రూపొందించిన పెటూనియా మొక్కకు అమెరికా ప్రభుత్వం 2023లో అనుమతి ఇచ్చింది. అంత శ్రమపడి తయారుచేసిన మొక్క సైతం గది చీకటి చేసి, కళ్లు అలవాటు పడ్డాక చూస్తేనే కనిపించే లేత ఆకుపచ్చ కాంతిని మాత్రమే ఇస్తుంది. 1762లో స్వీడన్ వృక్షశాస్త్రవేత్త లినేయస్ కుమార్తె ఎలిజబెత్ క్రిస్టీనా సంధ్యవేళ నస్టర్షియం పూలు తళుక్కుమనడం గమనించి, ఆ సంగతి రాసి ప్రకటించింది. అది పువ్వులోని వెలుగు కాదనీ, మసక వెలుతురులో మన కంటికి కలిగే అనుభూతి అనీ తేలడానికి నూరేళ్లకు పైగా పట్టింది. అయినా ఆమె తాను కళ్లారా చూసినదాన్నే రాసింది. మీ వార్తకు ఆ ఆధారమైనా లేదు.

రామాయణంలో ఉంది కదా అని వార్త చివర సమర్థించుకున్నారు. యుద్ధకాండలో జాంబవంతుడు హనుమంతుడికి చెప్పిన నాలుగు ఓషధులు దిక్కులను వెలిగిస్తాయన్నది నిజమే, ఆ ఘట్టాన్ని నేనూ భక్తితోనే చదువుతాను. దాన్ని తెచ్చి జిల్లా వార్తకు సాక్ష్యంగా నిలబెట్టడం ఆ కావ్యానికి గౌరవం కాదు. ముప్పై ఆరేళ్లకోసారి పూసే నాగపుష్పమంటూ సమాజమంతా పంచుకున్న ఫొటో చివరికి సముద్రగర్భంలో బతికే సీ పెన్ అనే జంతువుదని తేలింది. అది తెలిసిన తర్వాతైనా జాగ్రత్త పడవలసింది.

నా బాధ తప్పు పడిందని మాత్రమే కాదు. దుంప మందు అని రాశారు. మన అడవుల్లో నిప్పు మంటలాంటి పూలు పూసే అడవినాభి ఉంది, దాని దుంపలో కాల్చిసిన్ అనే విషం ఉంటుంది, తింటే ప్రాణం పోతుంది. మీ వార్త పట్టుకుని ఎవరైనా ఆ దుంప తవ్వితే బాధ్యత ఎవరిది? ఖండించవలసిన అటవీ అధికారులు ఇంతవరకు నోరు విప్పలేదు. 2002 నాటి జీవవైవిధ్య చట్టం ప్రకారం ప్రతి స్థానిక సంస్థలోనూ జీవవైవిధ్య యాజమాన్య కమిటీ ఉండాలి, ఊరి మొక్కల వివరాలతో రిజిస్టరు ఉండాలి. మా పంచాయతీలో ఆ రిజిస్టరు చూపమంటే అలాంటిదొకటి ఉందన్న సంగతే తెలియని సిబ్బంది ఎదురయ్యారు. కళాశాలల్లో వృక్షశాస్త్రం చదివేవారు తగ్గిపోయారు, చెప్పేవారి ఖాళీలు నింపరు, ఇక పిల్లలకు మొక్కను పోల్చుకోవడం ఎవరు నేర్పుతారు?

ఇదే శేషాచలం పరిసర కొండల్లో తప్ప ప్రపంచంలో ఇంకెక్కడా సహజంగా పెరగని సైకస్ బెడ్డోమి ఉంది. పూలే పూయని అతి ప్రాచీన వంశపు మొక్క అది. ఆడ, మగ చెట్లు వేరువేరు. అంతరించే ప్రమాదమున్న జీవుల అంతర్జాతీయ వాణిజ్యాన్ని కట్టడి చేసే సైట్స్ ఒప్పందం మొదటి అనుబంధంలో దానికి చోటిచ్చారంటే ఎంత ప్రమాదంలో ఉందో ఊహించవచ్చు. మగ చెట్లకు వచ్చే, పుప్పొడినిచ్చే శంకువు ఆకారపు భాగాలను మందు కోసం కోసుకుపోతున్నారు. ఎర్రచందనం నరికివేత గురించి దొంగలు పట్టుబడినప్పుడు తప్ప రాయరు, ఈ మొక్క గురించి అప్పుడు కూడా రాయరు. లేని పువ్వుకు ఇచ్చినంత చోటు ఉన్న మొక్కకు ఒక్క ఆదివారమైనా ఇవ్వలేరా?

ఆ వార్త అవాస్తవమని, దుంప వైద్యం ప్రమాదకరమని, అదే పేజీలో, అంతే పెద్ద అక్షరాలతో సవరణ ప్రచురించవలసిందిగా కోరుతున్నాను. ఇకముందు మొక్కల వార్త ఏదైనా అచ్చుకు పంపేముందు దగ్గరలోని కళాశాల వృక్షశాస్త్ర విభాగాన్ని ఒక్కసారి సంప్రదించమని మీ విలేకరులకు చెప్పండి.

ఇట్లు,
ఒక విశ్రాంత వృక్షశాస్త్ర అధ్యాపకుడు,
కడప ప్రాంతం