కళింగపట్నంలో చొక్కా విప్పాను

శ్రీకాకుళం

ఒరే శీనూ,

మొన్న ఫోన్లో సగం మాటలు మీ ఊరి హారన్ల మోతలో కొట్టుకుపోయాయి. అందుకే ఈ ఉత్తరం. నవ్వనంటేనే చదువు.

ఈమధ్య నేచురిజం గురించి చదువుతున్నా. అదేరా, పదిమందీ బట్టల్లేకుండా ఎండలో, నీళ్లలో గడపడం. మొదట నేనూ పళ్లికిలించాను. తీరా చూస్తే వాళ్ల లెక్క వేరు. 1974లో ఫ్రాన్స్‌లోని ఆగ్ద్‌లో వాళ్ల అంతర్జాతీయ సమాఖ్య చెప్పుకున్న అర్థం ఇదీ: ప్రకృతితో కలిసిమెలిసి బతకడం, తనమీదా ఎదుటివాళ్లమీదా చుట్టూ ఉన్న నేలమీదా గౌరవం పెంచుకోవడం. మనం ఊహించుకున్న రంకు ఊసే లేదు.

ఇంకో వింత విను. ఇలాంటి సంఘాల్లో మనకి తెలిసిన మొదటిది పుట్టింది ఏ జర్మనీలోనో కాదు, మన దేశంలోనే. 1891లో, బొంబాయి పక్కన ఠాణేలో. పెట్టినవాడు క్రాఫర్డ్ అని ఓ తెల్ల జడ్జి. సభ్యులు మొత్తం ముగ్గురు! ఆయనకి బదిలీ కాగానే సంఘం చాప చుట్టేసింది. మన ఎండల్లో కోటు తొడుక్కుని కోర్టులో కూర్చునేవాడికి ఆ బుద్ధి పుట్టకపోతేనే ఆశ్చర్యం.

అసలు మనకిది కొత్తా? రామతీర్థం దుర్గకొండ మీద జైన తీర్థంకరుల విగ్రహాల్ని చూశాం కదా, ఒంటిమీద నూలుపోగు లేదు, ముఖంలో సిగ్గూ లేదు. మీ తాత గోచీతోనే పొలంలో వరి ఉడుపులన్నీ చేయించేవాడు. చుట్టాలొస్తే భుజాన తువ్వాలు అదనం, అంతే. మనం బడి ఎగ్గొట్టి నాగావళిలో దూకినప్పుడు నిక్కర్లు తుమ్మకొమ్మకి వేలాడేవి. కాకపోతే ఆ స్వేచ్ఛ మగపిల్లలదేరా. అదే రేవులో మా అక్క పరికిణీతోనే మునిగి, తడిబట్టల్లో వణుకుతూ ఇంటికొచ్చేది. అది తలచుకుంటే ఆ ముచ్చట్లలో సగం రుచి పోతుంది.

ఆ నిక్కరు విప్పినవాణ్నే ఇప్పుడు బొజ్జ కనబడుతుందని సముద్రంలోకీ టీషర్టుతో దిగుతున్నాను. ఎవరైనా ఫోటో అంటే చాలు, పొట్ట లోపలికి పీల్చి ఊపిరాడక చస్తున్నా.

అందుకే మొన్న ఆదివారం తెల్లారకుండానే కళింగపట్నం పోయి, వంశధార సముద్రంలో కలిసేచోట అటూ ఇటూ చూసి విప్పేశాను. కంగారుపడకు, చొక్కా బనీను మాత్రమే. అంతకు మించితే పోలీసు కేసే. వీపుకి గాలి తగిలి ఎన్నేళ్లయిందో! అయినా పది నిమిషాలు చేతులు కట్టుకుని బొజ్జ దాచుకుంటూనే నిలబడ్డా. పక్కన వల లాగుతున్నారు. వాళ్లలో గోచీ కట్టుకున్న ముసలాయన, "ఏటి బాబూ, ఊరికే నిలబడ్డావు, ఓ చెయ్యెయ్యి" అన్నాడు. తాడు పట్టుకున్నాక బొజ్జ సంగతి ఎవడికి గుర్తు?

వల ఒడ్డుకి చేరాక చూస్తే, చొక్కా కెరటం ఎత్తుకుపోయింది. బనీనుతోనే బండిమీద ఇంటికొచ్చాను. గుమ్మంలో నీ చెల్లెలు నన్ను ఎగాదిగా చూసి "చొక్కా ఏదండీ?" అంది. ముసలాయన ఇచ్చిన కవళ్ల చేపల సంచి చేతికిచ్చాను. పులుసు అయ్యేదాకా మళ్లీ అడగలేదు.

సంక్రాంతికి వస్తున్నావుగా. పాత చొక్కా ఒకటి తెచ్చుకో.

నీ
రాజు