చేనికి వెళ్లే దారి గురించి నీకు

ప్రియ మిత్రునికి,

నీ ఉత్తరం నిన్న సాయంత్రం అందింది. పక్క చేను ఆసామి చేపల చెరువు తవ్వించి, ఆ మట్టిని నీ బండి దారి మీదే గట్టుగా పోయించాడని, దాళ్వా (రెండో పంట వరి) కోతకు మిషను ఎలా దింపాలో తెలియడం లేదని చదివాక రాత్రి నిద్ర పట్టలేదు. కూలీలను పెట్టి గట్టు తెగ్గొట్టిస్తానని చివర రాశావు. ఆ పని మాత్రం చేయవద్దు. హక్కు ఉన్నవాడు సైతం అడ్డంకిని తనంతట తాను తొలగించకూడదని 1882 నాటి ఈజ్‌మెంట్ల చట్టం (ఇతరుల భూమి మీదుగా దారి వంటి వాడుక హక్కుల చట్టం) 36వ సెక్షను చెబుతోంది. నువ్వు పలుగు పట్టుకుంటే, న్యాయం నీ వైపున్నా ముద్దాయివి నువ్వే అవుతావు.

ముందు సర్వేయరు దగ్గర ఎఫ్.ఎం.బి. పటం, అంటే పొలాల హద్దులు, కొలతలు చూపే సర్వే పటం చూడు. దారి అందులో పుంతగా (ఉమ్మడి బండి బాటగా) ఉంటే అది ప్రభుత్వ భూమి కాబట్టి, ఆక్రమణ తొలగించమని తహసీల్దారుకు అర్జీ పెట్టుకోవచ్చు. కానీ మన డెల్టాలో చేనికి చేనికి మధ్య నడిచే దారులు చాలావరకు పెద్దల నోటిమాట మీద ఏర్పడినవే, పటంలో కనిపించవు. అప్పుడు నీకు రెండు ఆధారాలు ఉంటాయి.

మొదటిది అవసరం. ఈ రెండు చేలూ మీ తాతగారి కాలంలో ఒకే కమతమని, పంపకాల తరువాత అవతలి వాటాను మీ పెదనాన్నగారి అబ్బాయి అమ్ముకున్నాడని నువ్వే ఒకసారి చెప్పావు. పంపకం వల్ల ఒక వాటాకు దారి లేకుండా పోతే రెండో వాటా మీదుగా నడిచే హక్కు అదే చట్టం 13వ సెక్షను ప్రకారం సంక్రమిస్తుంది, కొన్నవాడు కూడా దానికి కట్టుబడాలి. అయితే మురుగు కాలువ గట్టు మీదుగా నీకు మరో దారి ఉందని అవతలివారు చూపితే ఈ వాదన వీగిపోతుంది, ఎందుకంటే చుట్టు తిరగవలసి రావడాన్ని చట్టం అవసరంగా లెక్కించదు.

రెండోది ఇరవై ఏళ్ల వాడుక. ఎవరి అనుమతీ లేకుండా, అందరికీ కనిపించేలా, హక్కుగా, ఆటంకం లేకుండా 20 ఏళ్లు నడిచి ఉండాలి. అది దావాకు ముందు రెండేళ్ల లోపు వరకూ సాగి ఉండాలి, కనుక జాప్యం చేయవద్దు. మా కొబ్బరి తోట దారి వ్యాజ్యంలో మేము దెబ్బ తిన్నది ఇక్కడే. "మీ అనుమతితో నడుస్తున్నాము" అని మా నాన్నగారు ఎన్నడో సంతకం పెట్టిన చీటీ ఒకటి అవతలివారి పెట్టెలోంచి బయటికి వచ్చింది. ఆ ఒక్క మాటతో మా వాడుక హక్కు కాకుండా పోయి, వారి దయగా మిగిలింది. ఇప్పటికీ ఆ చీటీ తలచుకుంటే బాధగా ఉంటుంది. నువ్వు మాత్రం రాజీ మాటల్లో కూడా అలాంటి కాగితం మీద సంతకం పెట్టవద్దు.

దావాలో హక్కు ప్రకటనతో పాటు ఇంజక్షను (ఒక పని చేయవద్దని లేదా చేయమని కోర్టు ఇచ్చే ఆజ్ఞ) కూడా అడగాలి. ఇకపై మట్టి పోయకుండా ఆపే తాత్కాలిక ఉత్తర్వు కొంత సులువు. ఇప్పటికే పోసిన గట్టును తీయించే ఆజ్ఞ దావా తేలకముందే రావాలంటే సాక్ష్యం బలంగా ఉండాలి. అందుకే స్థలం చూసి నివేదిక ఇచ్చేందుకు కోర్టు ద్వారా కమిషనరును వేయించుకో. మా దగ్గరికి వచ్చిన ఆయన బోదె (చిన్న పంట కాలువ) మీది తాటి దుంగల వంతెనను, వాటిలో బండి చక్రాలు కోసిన రెండు గాళ్లను టేపుతో కొలిచి రాసుకున్నారు. నీకూ అలాంటి గుర్తు ఏదైనా మిగిలి ఉంటే వెంటనే ఫొటో తీయించు. ఇంకొక మాట, ఒక రకం దారి హక్కులో మరో రకం దారి ఇమడదని, అంటే కాలిబాట హక్కు ఉంటే బండి దారి హక్కు ఉన్నట్టు కాదని, ఈజ్‌మెంట్ల చట్టం 28వ సెక్షను అంటుంది. ట్రాక్టరు, కోత మిషను ఎన్నేళ్లుగా ఆ దారిన వెళ్తున్నాయో దావాలో ఉన్నదున్నట్టు రాయించు.

గొడవ ముదిరేలా ఉంటే ఎగ్జిక్యూటివ్ మేజిస్ట్రేటు దగ్గరికీ వెళ్లవచ్చు, 2024 జూలై నుంచి అమలులో ఉన్న నాగరిక్ సురక్షా సంహిత (క్రిమినల్ ప్రక్రియ చట్టం) 166వ సెక్షను అందుకే ఉంది. అక్కడ, పంటకాలంలో మాత్రమే వాడే దారి అయితే కిందటి పంటకాలంలో వాడినట్టు చూపాలి. లోక్ అదాలత్‌లో రాజీ కుదిరితే అవార్డుకు డిక్రీతో సమానమైన విలువ ఉంటుంది, దాని మీద అప్పీలు ఉండదు, కోర్టు ఫీజు కూడా తిరిగి వస్తుంది. చివరికి మా దారి తెరుచుకున్నది అక్కడే.

ఆదివారం పొద్దున్నే వస్తాను. మీ తాతగారి పంపకాల దస్తావేజు తీసి ఉంచు, అందులో హద్దుల దగ్గర "బండి దారితో సహా" అన్న మాట ఉందేమో ఈలోగా ఒకసారి చదివి చూడు.

నీ మిత్రుడు