పోయిన ఆదివారం బాక్సుల గురించి, ఇకనుంచి మారేవాటి గురించి

అందరికీ నమస్కారం అండి. పోయిన ఆదివారం మన దగ్గర డోనట్స్ తీసుకున్నవాళ్లలో కొంతమందికి సరుకు బాగా రాలేదు. నేనే ముందు చూసుకోవాల్సింది, కానీ పటమట నుంచి ఒకావిడ సాయంత్రం ఫోటో పెట్టి "ఏవండీ ఈసారి బాక్స్ అడుగున పేపరంతా నూనె, పిల్లలు సగం తిని వదిలేశారు" అన్నాకే తెలిసింది. చాలా బాధేసింది అండి, క్షమించండి.

ఏమైందో దాచకుండా చెప్తాను. ఆ రోజు ఒక పుట్టినరోజు ఆర్డర్ 60, మామూలు ఆర్డర్లు 40, మొత్తం 100 రింగులు. తెల్లవారుజామునే అన్నీ ఒకేసారి కోసి ట్రేల్లో పెట్టేశాను. నా మూకుడులో వాయికి నాలుగే పడతాయి, వాయికి మూడు నిమిషాలు వేసుకున్నా చివరి ట్రే అయ్యేసరికి గంటంబావు పడుతుంది. మే నెలలో విజయవాడలో స్టవ్ వెలిగించిన వంటింట్లో పిండి అంతసేపు ఆగుతుందా, డిసెంబర్లో గంట పట్టే పొంగు ఇప్పుడు అరగంటకే వచ్చేస్తోంది. ఈస్ట్ పిండి అతిగా పొంగితే లోపలి బుడగలు పెద్దవై వాటి గోడలు పల్చబడిపోతాయి, నూనెలో వేయగానే అణిగిపోయి నూనె పీల్చేస్తాయి. పైగా లేటవుతోందన్న కంగారులో నాలుగు వేసే చోట ఆరేసి వేశాను, 180 డిగ్రీలు ఉండాల్సిన నూనె చల్లబడింది, దాంతో ఇంకా పీల్చింది.

మీరు ఇంట్లో చేసుకున్నా, ఎక్కడ కొన్నా ఒకటి గమనించండి. బాగా వచ్చిన రింగ్‌కి నడుము చుట్టూ తెల్లటి గీత ఒకటి ఉంటుంది. సరిగ్గా పొంగిన పిండి తేలిగ్గా ఉండి నూనె మీద తేలుతుంది కాబట్టి రెండు వైపులా ఎర్రగా వేగినా మధ్య భాగం నూనెలో మునగదు, ఆ గీత అలా వస్తుంది. పోయినసారి చివరి ట్రేల్లో చాలావాటికి ఆ గీతే లేదు, ఫోటోలో చూస్తే నాకే అర్థమైంది.

ఇకనుంచి పాలు, గుడ్డు ఫ్రిజ్‌లోవే వాడి, పిండి ముందు రోజు రాత్రే కలిపి ఫ్రిజ్‌లో పెడతాను. పొద్దున ఒకసారికి 16 రింగులే కోస్తాను, మిగతా పిండి లోపలే ఉంటుంది. వేలితో మెల్లగా నొక్కితే గుంట నిదానంగా సగం పైకి రావాలి, అప్పుడే నూనెలోకి. అందుకే ఆదివారానికి 8 బాక్సులే, అంటే 48 రింగులు. పుట్టినరోజు ఆర్డర్లు ఆదివారం తీసుకోను, మిగతా రోజుల్లో అడగండి.

"మధ్యలో చిల్లు ఎందుకండీ, బరువు తగ్గించడానికా" అని చాలామంది అడుగుతారు. కాదండి. గారెకి మనం చిల్లు ఎందుకు పెడతామో అందుకే, నడుమ పచ్చిగా మిగలకూడదని. అమెరికాలో డచ్ వాళ్లు మొదట్లో వేసినవి చిల్లు లేని ఉండలే, వాటి పేరు ఓలికుక్, అంటే నూనె కేక్ అని అర్థం. అక్కడి మెయిన్ అనే రాష్ట్రానికి చెందిన హాన్సన్ గ్రెగరీ అనే నావికుడు, 1847లో కుర్రాడిగా ఓడ మీద ఉన్నప్పుడు అంచులు వేగి నడుమ పచ్చిగా ఉంటున్నాయని మిరియాల రేకు డబ్బా మూతతో మధ్యలో కోసేశానని ముసలితనంలో చెప్పుకున్నాడు. నిజంగా ఆయనే మొదటివాడా అంటే వాదనలున్నాయి గానీ ఆ ఆలోచన మాత్రం వేయించే ప్రతివాళ్లకీ తెలిసిందే.

చిల్లు లేకుండా ఫిల్లింగ్ పెట్టేవాటిలో కస్టర్డ్‌వి వర్షాలు పడేదాకా ఆపేస్తున్నాను. పాలు, గుడ్లతో చేసింది ఈ ఎండలో స్కూటర్ మీద అరగంట తిరిగితే నాకు ధైర్యం లేదు, మీ పిల్లలు తినేది కదా. బదులుగా జామ్ పెట్టినవి చేస్తాను, జర్మనీలో బెర్లినర్ అంటారే అలాంటివి, జామ్ ఎండకి తట్టుకుంటుంది. గుడ్డు వద్దనేవాళ్లకి పెరుగు, బేకింగ్ పౌడర్‌తో కేక్ డోనట్ మొదలుపెట్టాను. దీన్లో ఈస్ట్ లేదు, పొంగేదాకా ఆగక్కర్లేదు, కొరికితే కాస్త బాదుషాలా గుల్లగా ఉంటుంది. నాకైతే టీలోకి ఇదే నచ్చుతోంది.

రేటు కూడా చెప్పేస్తా, ఆరింటి బాక్స్ 360 నుంచి 390 అవుతుంది. బటర్ తగ్గించి పాత రేటుకే ఇవ్వొచ్చు కానీ నాకు మనసొప్పలేదు, అర కిలో మైదాకి 60 గ్రాముల బటర్, అది అలాగే ఉంటుంది. నూనె కూడా తరచుగా మారుస్తున్నాను.

జూన్ మొదటి శుక్రవారం డోనట్ డే ఆఫర్ ఉందా అని అడుగుతున్నారు. ఆ రోజు 1938లో షికాగోలో సాల్వేషన్ ఆర్మీ అనే క్రైస్తవ సేవా సంస్థ వాళ్లు మొదలుపెట్టింది. మొదటి ప్రపంచ యుద్ధంలో ఫ్రాన్స్‌లో వాళ్ల ఆడవాళ్లు అప్పడాల కర్ర లేక వైన్ సీసాతో పిండి ఒత్తి సైనికులకి డోనట్స్ వేసి పెట్టారు, వాళ్లని తలుచుకోవడానికి. నేను ఆ రోజు డిస్కౌంట్ పెట్టట్లేదు. పోయిన ఆదివారం బాక్స్ తీసుకున్న ప్రతి ఇంటికీ, నచ్చినా నచ్చకపోయినా, కొత్త బాక్స్ ఫ్రీగా పంపుతాను. రింగులా, జామ్‌వా, కేక్‌వా చెప్తూ బుధవారంలోపు మెసేజ్ పెట్టండి, పొద్దున 11 లోపు ఇంటికి వచ్చేస్తాయి.