గిన్నె అడుగున పేరు (జనవరి వార్తాలేఖ)

తల్లిదండ్రులందరికీ నమస్కారం.

సంక్రాంతి సెలవులు దగ్గరికొచ్చేశాయి. తేదీలు డైరీలో ఉన్నాయి, మళ్ళీ రాయను. ఈసారి సెలవులకు ప్రాజెక్టు లేదు. చార్టు లేదు, థర్మాకోల్ లేదు, గ్లిట్టర్ అసలే లేదు. "ఇన్ని రోజులు పిల్లలు ఖాళీగా ఉంటే ఎట్లా మేడమ్?" అని ఆఫీసుకి ఫోన్ చేసేవాళ్ళు ఉంటారని తెలుసు. వాళ్ళ కోసమే ఈ ఉత్తరం కాస్త పొడుగైంది.

ముందు పోయిన ఏడాది సంగతి చెప్పాలి. నాలుగో తరగతి పిల్లలకి "మా వంశవృక్షం" అని సెలవుల ప్రాజెక్టు ఇచ్చాం. చాలా మంచి ఆలోచన అనుకున్నాను, నాదే కాబట్టి. బడి తెరిచాక చార్టులన్నీ గోడకి పెడితే సగానికి పైగా ఒకే చెట్టు, ఒకే ఆకుపచ్చ రంగు, ఒకే లామినేషన్. వెనక వీధి జిరాక్స్ షాపులో తయారుగా దొరుకుతున్నాయని తర్వాత తెలిసింది. మనం పేర్లు చెబితే చాలు, షాపాయనే టైపు చేసి ప్రింటు తీసిస్తాడు. ఒక పాపను పిలిచి, చెట్టు పైన ఉన్నావిడ ఎవరమ్మా అని అడిగాను. చార్టు దగ్గరికి వెళ్ళి కూడబలుక్కుని చదివి చెప్పింది. అది వాళ్ళ ముత్తవ్వ పేరు. ఆవిడ ఏ ఊళ్ళో ఉండేది, ఏం పని చేసేది అని అడిగితే, "అది రాయమనలేదు కదా మేడమ్" అంది. నిజమే, మేం రాయమనలేదు. పాప తప్పేమీ లేదు, షాపాయన తప్పు అంతకన్నా లేదు.

ఆ పిల్లలే ఇప్పుడు ఐదుకొచ్చారు. మొన్న వాళ్ళ తెలుగు టీచర్ రాకపోతే ఆ పీరియడ్‌కి నేను వెళ్ళాను. "మీ ఇంట్లో మామూలుగా జరిగేది, మీకు ఇష్టమైనది ఒక్కటి రాయండి. పండగలు వద్దు, పుట్టినరోజులు వద్దు, గోవా వద్దు" అన్నాను. గోవా వద్దనేసరికి వెనక బెంచీలో ఇద్దరు పెన్నులు కింద పెట్టేశారు. కాసేపటికి మళ్ళీ తీసుకున్నారు.

వాటిలో ఒకటి ఇది. అక్షరదోషాలు మాత్రం సరిచేశాను. "మా డాడీ ఆఫీసు నుంచి లేటుగా వస్తారు. అప్పటికి నేను పడుకుంటాను. డాడీ వచ్చి నా కాళ్ళ మీద దుప్పటి సరిగ్గా కప్పుతారు. నేను రోజూ నిద్రపోను. నిద్రపోయినట్టు యాక్టింగ్ చేస్తాను. దుప్పటి నేనే తీసేసి పెడతాను."

ఆ ఆఖరి వాక్యం దగ్గర నేను కాసేపు ఆగిపోయాను. హైటెక్ సిటీ నుంచి ట్రాఫిక్‌లో ఈడ్చుకుంటూ తొమ్మిదిన్నరకు ఇల్లు చేరే ఆ నాన్నకు, తన కోసం ఇంట్లో ఒక దుప్పటి రోజూ కావాలనే జారుతోందని తెలియదు. పిల్లవాడి పేరు చెప్పను. ఇది చదువుతున్న నాన్నలందరూ "మా వాడేనేమో" అనుకుంటే నాకేం అభ్యంతరం లేదు.

ఇంకో పాప వాళ్ళ నాయనమ్మ జడ వేయడం గురించి రాసింది. నూనె రాసి, చిక్కు తీసి, రిబ్బను కట్టాక నెత్తి మీద చిన్న మొట్టికాయ వేస్తుందట. అది పడేదాకా జడ అయిపోయినట్టు కాదట. మరొకడి ఇంట్లో బయల్దేరేటప్పుడు "పోతా" అనకూడదు, "పోయొస్తా" అనాలి. ఒకరోజు వాడు చెప్పకుండానే గేటు లోపలికి పరిగెత్తాడు. స్కూటీ మీద ఉన్న వాళ్ళమ్మ కదల్లేదు. వాచ్‌మన్ తాతతో కబురు పంపి, వెనక్కి పిలిపించి, ఆ ఒక్క మాట అనిపించుకుని వెళ్ళిందట. దాని వల్ల ప్రేయర్‌కి ఆలస్యమై వాడు బయట నిలబడాల్సి వచ్చిందని కూడా రాశాడు. నిలబెట్టింది నేనే. ఇకనుంచి ఆ కారణానికి మినహాయింపు ఉంటుంది.

ఒక పిల్లవాడు మాత్రం "మా ఇంట్లో అట్లాంటివి ఏమీ లేవు" అని ఒక్క లైను రాసి ఇచ్చేశాడు. నాన్న దుబాయ్‌లో పనిచేస్తారు. పక్కన కూర్చోబెట్టుకుని, నాన్నతో ఎప్పుడు మాట్లాడతావు అని అడిగాను. అప్పుడు చెప్పాడు. వీడియో కాల్‌లో నాన్న తినే పళ్ళెం కనపడకుండా పట్టుకుని, ఈ రోజు ఏం కూరో చెప్పమంటాడట. మూడు ఛాన్సులు. పప్పు అంటే సగం రోజులు కరెక్టేనట. "అది కూడా రాయొచ్చా మేడమ్?" అన్నాడు.

నాకు అర్థమైంది ఒక్కటే. పిల్లలు దాచుకునేవి మనం గుర్తుండాలని చేసేవి కావు. ఫంక్షన్ హాల్ బుక్ చేసి, బెలూన్ల కమాను కట్టించి, ఫోటోగ్రాఫర్‌ని పెట్టిన పుట్టినరోజు వాళ్ళకి నచ్చదని కాదు, నచ్చుతుంది. కానీ మొట్టికాయ గురించి రాసిన పాప పుట్టినరోజు ఫంక్షన్‌కి నేనూ వెళ్ళాను. నేను వద్దన్నందుకు రాయలేదో, గుర్తు రాలేదో అని అడిగి చూశాను. "అది ఒక్కసారే కదా మేడమ్" అంది.

దీని మీద చదువుకున్నవాళ్ళు చేసిన పని కూడా ఉంది. అమెరికాలోని అట్లాంటా దగ్గర ఎమొరీ విశ్వవిద్యాలయంలో మార్షల్ డ్యూక్, రాబిన్ ఫైవుష్ అనే ఇద్దరు మనస్తత్వ శాస్త్రవేత్తలు 2001 ప్రాంతంలో పిల్లల కోసం 20 ప్రశ్నలు తయారుచేశారు. మీ అమ్మానాన్నలు ఎక్కడ కలుసుకున్నారో తెలుసా? మీ తాతలు ఎక్కడ పెరిగారో తెలుసా? నువ్వు పుట్టినప్పుడు ఏం జరిగిందో తెలుసా? ఇట్లాంటివి. ఈ ఆలోచనకు మూలం డ్యూక్ గారి భార్య సారా. నేర్చుకోవడంలో ఇబ్బందులున్న పిల్లలతో పనిచేసే ఆవిడ, తమ కుటుంబం గురించి ఎక్కువ తెలిసిన పిల్లలు కష్టాలకు కాస్త బాగా తట్టుకుంటున్నారని గమనించారు. పరిశీలిస్తే, ఎక్కువ ప్రశ్నలకు జవాబు తెలిసిన పిల్లల్లో తమ మీద తమకు నమ్మకం, తమ జీవితం తమ చేతిలో ఉందన్న భావన ఎక్కువగా కనిపించాయి.

ఇది చదవగానే ఆ 20 ప్రశ్నలు డౌన్‌లోడ్ చేసి పిల్లలతో బట్టీ పట్టించేవాళ్ళు మనలో ఉన్నారు. దయచేసి వద్దు. జవాబులు తెలియడంలో మహిమ లేదని డ్యూక్ గారే అన్నారు. ఆ సంగతులు పిల్లల చెవిన పడాలంటే ఇంట్లో నలుగురు కలిసి కూర్చోవాలి, తినాలి, ఎవరో ఒకరు చెప్పాలి, ఇంకొకరు "అట్లా కాదు, ఇట్లా జరిగింది" అని అడ్డం పడాలి. మేలు చేసేది ఆ కూర్చోవడమే. మా వంశవృక్షం చార్టుల్లో లేనిదీ అదే.

నాకు ఆ కూర్చోవడం సకినాల దగ్గర దొరికింది. మేం చిక్కడపల్లిలో రెండు గదుల అద్దె ఇంట్లో ఉండేవాళ్ళం. భోగికి మూడు నాలుగు రోజుల ముందు నాయనమ్మ కొత్త బియ్యం సంచీతో జనగామ బస్సు దిగేది. రాత్రి నానబోసిన బియ్యం పొద్దున వడకట్టి గిర్నీకి మోసుకెళ్ళడం నా పని. తడి బియ్యం మర పట్టడానికి గిర్నీ ఆయన ఆ నాలుగు రోజులే ఒప్పుకునేవాడు, అదీ గొణుక్కుంటూ. పిండిలో నువ్వులు, వాము, ఉప్పు వేసి కలిపి, ముందు గది మొత్తం పాత నేత చీర పరిచేవాళ్ళు. నడుమ పసుపు గౌరమ్మను పెట్టి, ఇరుగుపొరుగు ఆడవాళ్ళతో కలిసి చుట్టూ కూర్చునేవాళ్ళు. పిండిని బొటనవేలికీ రెండు వేళ్ళకీ మధ్య మెలితిప్పుతూ వదులుతుంటే, నాయనమ్మ చేతి కింద సన్నటి తాడులా దిగి, చుట్టు మీద చుట్టుగా సకినం తయారయ్యేది. నాకు మొదటి చుట్టు గుండ్రంగా వస్తే రెండోది కోడిగుడ్డులా వచ్చేది, మూడోది తెగేది.

నాయనమ్మ ఒక్కసారి కూడా సరిదిద్దలేదు. నేను చుట్టిన వాటిని చీర మీద ఒక మూలకి ఉంచి, ఆఖరి వాయిగా విడిగా వేయించి, "ఇవి నీయి" అని నా చేతికిచ్చేది. విరిగినవి, మాడినవి, ముద్దగా ఉన్నవి అన్నీ నావే. ఆ గదిలోనే మా నాన్న చిన్నప్పుడు బడి ఎగ్గొట్టి ఎక్కడ దాక్కున్నాడో, పెద్ద బాపు రైలు తప్పిపోయి మూడు రోజులకు ఎట్లా వచ్చాడో విన్నాను. చేతులు ఖాళీ లేకపోతేనే పెద్దవాళ్ళు ఇట్లాంటివి చెబుతారేమో. ఎదురుగా కూర్చోబెట్టి "నీ బాల్యం గురించి చెప్పు నాయనమ్మా" అని ఫోన్‌లో రికార్డు నొక్కితే ఆవిడ పక్కా "ఏముంది బిడ్డా చెప్పనీకి" అనేది.

మా ఇంట్లో ఇప్పుడు సకినాలు స్వగృహ షాపువి. పదేళ్ళు దాటింది. రుచిగా ఉంటాయి, అన్నీ గుండ్రంగా ఉంటాయి. మా అబ్బాయికి సకినం చుట్టడం రాదు. రోజూ మూడు వందల మంది పిల్లలకి నీతులు చెప్పే మనిషి ఇంటి సంగతి ఇది. ఈసారి పావు కిలో పిండితోనైనా కూర్చుందామనుకుంటున్నాను, వాడు నవ్వినా సరే.

ఇంకో తప్పు ఒప్పుకోవాలి, ఇది బడి తరఫున. రాత్రి ఎనిమిదిన్నరకు, తొమ్మిదికి మా టీచర్లు క్లాస్ గ్రూపుల్లో హోంవర్క్ మెసేజ్ పెడుతున్నారు. అప్పుడే అన్నం కలుపుతున్న అమ్మ ఫోన్ తీస్తుంది, "రేపు మ్యాప్ తెమ్మన్నారట" అంటుంది, ఇంటిల్లిపాదికీ టెన్షన్. కలిసి తినమని ఉత్తరాలు రాస్తూ, అదే టైముకి మేమే మెసేజ్‌లు పెడితే ఎట్లా? సెలవుల తర్వాత సాయంత్రం ఆరు దాటితే బడి నుంచి ఏ మెసేజూ రాదు. మ్యాప్ లేకపోతే మర్నాడు బడిలోనే ఇస్తాం. మీరు కూడా ఆ టైములో గ్రూపులో గుడ్‌నైట్ పువ్వులు పంపకపోతే సంతోషిస్తాను.

ఇక సెలవుల పని. అన్నానుగా, ప్రాజెక్టు లేదని. ఒక్క చిన్న ఆట ఉంది. వంటింట్లో ఉన్న స్టీలు గిన్నెలు, పళ్ళేలు, డబ్బాలు తిరగేసి చూడమని పిల్లలకు చెప్పండి. అడుగునో అంచునో చుక్కలు చుక్కలుగా పేర్లు చెక్కి ఉంటాయి. పెళ్ళికి పెట్టినవి, బారసాలకి వచ్చినవి, పాత చీరలేసి కొన్నవి, ఎప్పుడో పక్కింటివాళ్ళవి మన దగ్గరే ఉండిపోయినవి. ఈ పేరు ఎవరిది, ఈ గిన్నె మనింటికి ఎట్లా వచ్చింది అని పిల్లలు అడుగుతారు. అడిగినప్పుడు ఒక్క ముక్కలో తేల్చేయకండి. "మీ మేనత్తది" అని ఆపేస్తే ఆట అయిపోయినట్టే. ఆ గిన్నెలో మేనత్త ఏం చేసేదో, ఎవరితో దేనికి అలిగిందో కూడా రానివ్వండి. మాకు రాసి ఇవ్వక్కర్లేదు, మార్కులు లేవు. గిన్నెలు బడికి మాత్రం పంపకండి.

గిన్నెల మాట వచ్చింది కాబట్టి ఇంకొకటి. మా బడిలో ఒక పాప ప్రతి రంజాన్‌కీ పై అంతస్తు ఆంటీకి షీర్ ఖుర్మా గిన్నె తీసుకెళ్తుందట. ఆ గిన్నె ఎప్పుడూ ఖాళీగా తిరిగి రాలేదట. ఒకసారి ఆంటీ ఇంట్లో ఏమీ లేకపోతే గుప్పెడు చక్కెర పోసి ఇచ్చారట. ఈ అలవాటు మన చాలా ఇళ్ళల్లో ఉండేది. అపార్ట్‌మెంట్లలో ఇప్పుడు డిస్పోజబుల్ డబ్బాల్లో పంపుతున్నాం. తిరిగి ఇవ్వాల్సిన పని లేదు, సౌకర్యమే. కానీ గిన్నె తిరిగి ఇవ్వడానికని మళ్ళీ తలుపు కొట్టే పిల్లలు కూడా లేకుండా పోయారు.

పతంగుల గురించి రెండు మాటలు. ధూల్‌పేటకి వెళ్ళి కొనుక్కుంటే ఆ బేరం కూడా ఒక సరదానే, పిల్లల్ని తీసుకెళ్ళండి. చర్ఖా పట్టుకోవడానికి డాబా మీదికి మీరు కూడా ఎక్కండి. చైనా మాంజా మాత్రం వద్దే వద్దు. నిషేధం ఉన్నా దొరుకుతోంది, బైకు మీద వెళ్ళేవాళ్ళ మెడలు కోస్తోంది. పిట్టగోడ లేని డాబా మీదికి ఎవరినీ ఒంటరిగా పంపకండి.

నాంపల్లి నుమాయిష్ ఎట్లాగూ ఉంటుంది. 1938లో మొదలైన ఎగ్జిబిషన్, మామూలుగా జనవరి 1 నుంచి ఫిబ్రవరి 15 దాకా. కొన్నది ఏమీ గుర్తుండదు గానీ, "తప్పిపోతే ఇక్కడికే రావాలి" అని మా నాన్న ప్రతి ఏడాదీ లోపలికి వెళ్ళగానే చూపించిన దీపస్తంభం నాకు ఇంకా గుర్తుంది. మేం ఎవరం ఎప్పుడూ తప్పిపోలేదు.

ఆఖరుగా ఒక విన్నపం. రెండు నెలలుగా మా ఆఫీసు బీరువా మీద ఒక స్టీలు టిఫిన్ డబ్బా ఉంది. మూత కాస్త సొట్ట పడింది. అడుగున ఒక ఆడమనిషి పేరు, దాని కింద 1987 అని చెక్కి ఉంది. ఆ పేరుగల పాప మా రిజిస్టర్లలో ఎక్కడా లేదు. ఏ అమ్మమ్మదో, నాయనమ్మదో అయ్యుంటుంది. సెలవుల్లో గిన్నెలు లెక్కపెట్టేటప్పుడు మీ ఇంట్లో ఒకటి తక్కువైతే వచ్చి చూడండి. డబ్బా ఖాళీగా ఇవ్వడానికి మా ఆయమ్మ ఒప్పుకోవడం లేదు. నువ్వుల లడ్డూలు వేసి ఉంచుతానంటోంది కాబట్టి, కాస్త తొందరగా రండి.

ఇట్లు,
మీ ప్రధానోపాధ్యాయురాలు