జప్తు నుంచి లేత్ మెషీన్ విడిపించడానికి సాయపడ్డ అందరికీ కృతజ్ఞతలు

మా దగ్గర అద్దెకు తీసుకున్న వ్యక్తి బాకీకి కోర్టు జప్తు చేసిన మా లేత్ (లోహపు ముక్కను తిప్పుతూ చెక్కే యంత్రం), దాని మోటారు విడుదలయ్యాయి. క్లెయిమ్ పిటిషన్, అంటే జప్తయిన సొత్తు మాదని వేసిన అర్జీ, పూర్తిగా అనుమతించారు. సలహాలిచ్చినవాళ్లకు, కాగితాలు వెతికిపెట్టినవాళ్లకు, సాక్ష్యానికి వచ్చినవాళ్లకు పేరుపేరునా నమస్కారాలు. ఎవరి సాయం ఎక్కడ అక్కరకొచ్చిందో రాస్తే ఇదే చిక్కులో ఉన్నవాళ్లకు పనికొస్తుంది.

ముందుగా మా వకీలు గారికి. విడిగా దావా వేద్దామన్న ఆలోచనను ఆయన మొదట్లోనే ఆపించారు. సివిల్ ప్రొసీజర్ కోడ్ 21వ ఆర్డరు 58వ రూలు కింద, డిక్రీ (దావాలో కోర్టు తేల్చి ఇచ్చిన ఉత్తర్వు) అమలు చేస్తున్న కోర్టులోనే, ఆ ఈపీ (అమలు పిటిషన్)లోనే ఈఏ (అందులో వేసే అర్జీ)గా క్లెయిమ్ వేయాలి. 1976 సవరణకు ముందు పైపైన విచారించి, ఓడినవాళ్లను దావా వేసుకోమనేవారు. ఇప్పుడు సొత్తు ఎవరిదన్నది అక్కడే తేలుస్తారు. ఆ ఉత్తర్వుకు డిక్రీతో సమానమైన బలం ఉంటుంది, నచ్చకపోతే అప్పీలుకు వెళ్లాల్సిందే. కాబట్టి దావాలో పెట్టేంత సాక్ష్యమూ ఈ పిటిషన్‌లోనే పెట్టాలి. డిక్రీదారుతో (డిక్రీ పొందినవారితో) పాటు బాకీదారును, అంటే జేడీఆర్‌ను కూడా ప్రతివాదిగా చేర్చాలి.

గడువు సంగతి హెచ్చరించినవాళ్లకు రెండు దండాలు. వేలం అయిపోయాక వేసినా, కావాలనే ఆలస్యం చేశారని కోర్టు అనుకున్నా పిటిషన్‌ను విచారణకే తీసుకోరు, అప్పుడిక దావాయే దారి. కోర్టులో వేలం ప్రకటన అంటించాక చరాస్తికి కనీసం 7 రోజులు, స్థిరాస్తికి 15 రోజులు ఆగితే చాలు, అమ్మేయొచ్చు. క్లెయిమ్ వేసినంత మాత్రాన వేలం ఆగదు. 59వ రూలు కింద వాయిదా కోరుతూ ఇంకో పిటిషన్ అదే రోజు వేయాలి. చాలామంది పొరపడేది ఇక్కడే.

ఇక మెకానిక్ తమ్ముడికి. అమీను (జప్తు చేసే కోర్టు ఉద్యోగి) రాసుకున్న జప్తు జాబితాలో ఉన్నది 'ఇనుప మెషీను 1, మోటారు 1' అని మాత్రమే. మన బిల్లులో మోడలు, సీరియల్ నంబరు ఉంటాయి. ఆ రెండూ ఒకటేనని చూపించలేకపోతే బిల్లు ఉండీ లాభం లేదు. మోటారు నేమ్‌ప్లేటు మీద జిడ్డు పేరుకుని నంబరు చివరి మూడు అంకెలు కనబడట్లేదు. బేరింగులు మార్చిన రోజు తమ్ముడు ఫోన్లో తీసిన ఫోటోలో నంబరు మొత్తం ఉంది. అయితే ఫోన్ ఫోటోను ఊరికే దాఖలు చేస్తే చెల్లదు. భారతీయ సాక్ష్య అధినియమం 63వ సెక్షన్ ప్రకారం సర్టిఫికెట్ జతచేయాలి. అందులో రెండో భాగం నిపుణుడు నింపాలి.

మెషీను బాకీదారు షెడ్డులో ఉంది కాబట్టి అతనిదేనన్నది డిక్రీదారు వాదన. దాన్ని తిప్పికొట్టిన కాగితాలన్నీ అకౌంటెంటు గారు తీసినవే: మా పేరున జీఎస్టీ బిల్లు, మా ఖాతా నుంచి సొమ్ము కట్టినట్టు స్టేట్‌మెంటు, తరుగుదల పట్టీలో (ఏటా తగ్గే విలువ రాసే లెక్కలో) మెషీను పేరు, నెలనెలా అద్దె జమలు. అద్దె ఒప్పందం స్టాంపు పేపరు తేదీ జప్తుకు ముందుదై ఉండాలి. జప్తు తర్వాత పుట్టిన కాగితాన్ని ఎవరూ నమ్మరు. 'ఆ మెషీను వాళ్లదే' అని బాకీదారు ఇచ్చే అఫిడవిట్‌ను నమ్ముకోవద్దని మా అభిప్రాయం. ఇద్దరూ కుమ్మక్కయ్యారన్న అనుమానానికి అదే ఊతమిస్తుంది.

ఇల్లు, పొలం గురించి అడిగినవాళ్లకు ఒక్క మాట. జప్తు అయ్యాక బాకీదారు రాసిచ్చిన అమ్మకం డిక్రీదారు మీద చెల్లదు. అమ్మకం ఒప్పందం జప్తుకు ముందే రిజిస్టరై ఉంటే సివిల్ ప్రొసీజర్ కోడ్ 64వ సెక్షన్‌లో 2002లో చేసిన సవరణ కొన్నవాళ్లను కాపాడుతుంది. ఉమ్మడి ఆస్తిలో మీ వాటా వరకే విడుదలవుతుంది.

చివరగా, రిటైరైన కోర్టు గుమాస్తా గారికి. విడుదల ఉత్తర్వు సర్టిఫైడ్ కాపీ చేతికొచ్చిందని సంబరపడి రసీదు మీద సంతకం పెట్టేయొద్దని, జాబితా పక్కన పెట్టుకుని ఒక్కో వస్తువూ సరిచూసుకోమని చెప్పింది ఆయనే. చక్కు కీ, రెండు టూల్ హోల్డర్లు లేవని అమీను ఎదుటే రసీదులో రాయించగలిగాం.